‘ఎర్త్ ఏంజెల్’ గీతం - కర్తృత్వం, గాత్రం, పునర్గానం: ఒక పరిశీలన

వ్యాససంగ్రహం:
అమెరికన్ డూ-వాప్ ప్రణయగీతాలలో, లాస్ ఏంజెలెస్ నగరానికి చెందిన ‘ది పెంగ్విన్స్’ బృందం 1954లో పాడిన ‘ఎర్త్ ఏంజెల్’కు విశిష్టస్థానం ఉంది. ఈ గీతరచన ఎవరిదన్న వివాదం, పాట వెలువడిన వెంటనే శ్వేతజాతి గాయకబృందం చేసిన కవర్, ఆ తరువాత దశాబ్దాలపాటు సాగిన పునర్గానాలు కలిపి పరిశీలించినప్పుడు పాటకు కర్త ఎవరు అన్న మౌలికప్రశ్న ఎదురవుతుంది. చట్టం రక్షించిన అంశాలకూ, శ్రోతలు హృదయానికి హత్తుకొన్న అంశాలకూ మధ్యగల అంతరాన్ని చూపడం ఈ వ్యాసం ప్రధానోద్దేశం.

కీలకపదాలు: డూ-వాప్, ఎర్త్ ఏంజెల్, కవర్, కర్తృత్వం, గ్రంథస్వామ్యం, జాతివివక్ష, పునర్గానం.

1. ఉపోద్ఘాతం:
రెండవ ప్రపంచయుద్ధానంతరం అమెరికా నగరాలలోని నల్లజాతి యువకులు వీధిమలుపులలో, పాఠశాలల వరండాలలో, చర్చిలలో గుంపుగా చేరి పాడుకొన్న బృందగాన పద్ధతికి ‘డూ-వాప్’ అన్న పేరు స్థిరపడింది. ఒక ప్రధానగాయకుడు సాహిత్యాన్ని పాడుతుండగా, మిగిలినవారు అర్థరహితమైన అక్షరసమూహాలతో శ్రుతినీ లయనూ నిలబెట్టడం దీని ప్రధానలక్షణం. వాద్యాలు కొనగల స్తోమత లేనిచోట గొంతులే వాద్యాల పని చేశాయి. ‘డూ-వాప్’ అన్నది కూడా అటువంటి అర్థరహిత శబ్దమే. ఈ పేరు 1960ల ఆరంభంలో వాడుకలోకి వచ్చింది. అంటే, ‘ఎర్త్ ఏంజెల్’ పాడిననాడు ఆ గాయకులకు తమ గానానికి ఇటువంటి పేరొకటి రానున్నదని తెలియదు.

పెంగ్విన్స్ బృందంలో క్లీవ్‌లాండ్ డంకన్, కర్టిస్ విలియమ్స్, డెక్స్‌టర్ టిస్బీ, బ్రూస్ టేట్ అనే నలుగురు సభ్యులు. వీరిలో డంకన్ ప్రధానగాయకుడు. ‘కూల్’ సిగరెట్ల ప్రకటనలోని పెంగ్విన్ బొమ్మను చూసి బృందానికి ఆ పేరు పెట్టుకొన్నారు.

2. గీతనిర్మాణం - పూర్వచ్ఛాయలు:
ప్రియురాలిని భువికి దిగివచ్చిన దేవదూతగా సంబోధించి, తనదానవు కమ్మని వేడుకొనే యువకుని విన్నపం ఈ పాటలోని వస్తువు. భావంలో అపూర్వత ఏమీ లేదు. ఒకే వరుసలో సాగే మూడు ఖండికలు, వాటి నడుమ వేరొక వరుసలో వచ్చే ఒక ఖండిక కలిగిన చట్రం అప్పటికే అమెరికన్ జనప్రియ గీతాలలో పాతుకొనిపోయినది. ప్రధానఖండికలలో షడ్జమ, ధైవత, మధ్యమ, పంచమాలు ఆధారస్వరాలుగా నాలుగు స్వరసముదాయాలు వరుసగా తిరుగుతుంటాయి. రోజర్స్, హార్ట్‌లు 1934లో రచించిన ‘బ్లూ మూన్’లో కూడా ఈ వరుస వినవస్తుంది. 1950లలో వెలువడిన డూ-వాప్ గీతాలలో అనేకం దీనిపైననే నిలిచాయి.

పూర్వచ్ఛాయలు ఇంతటితో ఆగలేదు. ప్రారంభంలోని పియానో ఎత్తుగడకు ‘హాలీవుడ్ ఫ్లేమ్స్’ బృందం పాడిన ‘ఐ నో’ మూలమని విమర్శకులు గుర్తించారు. కర్టిస్ విలియమ్స్ పెంగ్విన్స్‌కు ముందు ఆ బృందంలోనే ఉండేవాడు. జెస్సీ బెల్విన్, మార్విన్ ఫిలిప్స్ జంటగా పాడిన ‘డ్రీమ్ గర్ల్’ ఛాయలు కూడా ఇందులో కనిపిస్తాయి. పలువురు యువకులు ఒకే పేటలో పెరిగి, ఒకరి బృందంలోనుండి మరొకరి బృందంలోకి మారుతూ, ఒకరి వరుసను మరొకరు అందుకొంటూ పాడిన వాతావరణంలో ఇది సహజమే. ఈ దృష్టితో చూస్తే ‘ఎర్త్ ఏంజెల్’ సమష్టి సంపదనుండి పుట్టిన గీతమని చెప్పవచ్చు.

3. గరాజ్‌లో ధ్వనిముద్రణ:
డూట్‌సీ విలియమ్స్ నడిపిన ‘డూటోన్’ అనే చిన్న సంస్థ ఈ పాటను వెలువరించింది. ముద్రణ జరిగింది స్టూడియోలో కాదు. దక్షిణ లాస్ ఏంజెలెస్‌లో, వాద్యకారుడు టెడ్ బ్రిన్సన్ ఇంటి గరాజ్‌లో. డ్రమ్ముల మోత గాత్రాలను మింగివేయకుండా వాటిని దిండ్లతో అణచవలసి వచ్చింది. పొరుగింటి కుక్క మొరిగినప్పుడల్లా పాట మళ్లీ మొదటికి వచ్చేది. నమూనాగా చేసిన ఆ ముద్రణే చివరకు రికార్డుగా వెలువడింది. సంస్థ దృష్టిలో ముఖ్యమైన పాట రికార్డు మొదటివైపునున్న ‘హే సెన్యోరీటా’. ‘ఎర్త్ ఏంజెల్’ వెనుకవైపు పాట. రేడియో వ్యాఖ్యాతలు రికార్డును తిరగవేసి వినిపించగా, శ్రోతల ఆదరణ దానికే దక్కింది.

ఈ ముద్రణలోని లోపాలే దాని గుణాలుగా పరిణమించడం గమనార్హం. పరిమితమైన వాద్యసహకారం వలన డంకన్ గొంతు శ్రోతకు అతి సమీపంలో వినిపిస్తుంది. స్వరాన్ని సూటిగా తాకక, కింది నుండి జారుతూ చేరుకోవడం, తాళానికి రవ్వంత వెనుకగా పదాన్ని విడవడం ఆ గానంలోని ప్రత్యేకతలు. వేడుకోలుకు కావలసిన తడబాటు, బిడియం ఆ జారుడులోనే ఉన్నాయి. సాహిత్యంలో లేని వ్యక్తిత్వాన్ని పాటకు గాత్రం సమకూర్చింది.

4. కవర్ - చట్టం - విపణి:
1955 ఆరంభంలో పెంగ్విన్స్ రికార్డు ‘బిల్‌బోర్డ్’ రిథమ్ అండ్ బ్లూస్ పట్టికలో ప్రథమస్థానాన్ని, పాప్ పట్టికలో 8వ స్థానాన్ని అందుకొంది. అదే సమయంలో ‘మెర్క్యురీ’ సంస్థ తరఫున ‘ది క్రూ-కట్స్’ అనే కెనడా శ్వేతజాతి బృందం అదే పాటను పాడి పాప్ పట్టికలో 3వ స్థానానికి చేరింది. అంతకుముందు 1954లో, ‘ది కార్డ్స్’ అనే నల్లజాతి బృందం పాడిన ‘ష్-బూమ్’ను ఇదే విధంగా పాడి క్రూ-కట్స్ ప్రథమస్థానం పొందారు. శ్వేతజాతి శ్రోతలను ఉద్దేశించిన రేడియో కేంద్రాలలో అనేకం నల్లజాతి గాయకులకు చోటివ్వని రోజులవి. ఆ మూసిన తలుపే కవర్‌కు లాభసాటి మార్గాన్ని తెరిచింది.

చట్టం దీనికి అడ్డు చెప్పలేదు. 1909 నాటి అమెరికా గ్రంథస్వామ్య చట్టం ప్రకారం, ఒకసారి రికార్డుగా వెలువడిన పాటను ఎవరైనా ప్రతి రికార్డుకు 2 సెంట్ల చొప్పున చెల్లించి తిరిగి ముద్రించవచ్చు. ఆ సొమ్ము గీతహక్కుదారులకు చేరుతుందే తప్ప తొలిగాయకులకు చేరదు. గానశైలి, వాద్యకూర్పు అనుకరణకు గురైతే రక్షణ ఉందా అన్న ప్రశ్న 1950లో ‘సుప్రీమ్ రికార్డ్స్’, ‘డెక్కా’ సంస్థల వ్యాజ్యంలో ఎదురైంది. న్యాయస్థానం డెక్కా పక్షాన తీర్పు ఇస్తూ, అటువంటి కూర్పుకు ఆస్తిహక్కును నిరాకరించింది. ధ్వనిముద్రణకు ఫెడరల్ చట్టరక్షణ 1972 ఫిబ్రవరి 15 నుండి మాత్రమే లభించింది. గాయని లావెర్న్ బేకర్ 1955లో తన ‘ట్వీడిల్ డీ’ పాటకు వచ్చిన అనుకరణపై కాంగ్రెస్ సభ్యుడు చార్ల్స్ డిగ్స్‌కు మొరపెట్టుకొన్నా, చట్టంలో మార్పు రాలేదు.

కవర్ల వలన పాట ఎక్కువమందికి చేరిందనీ, తద్వారా మూలగాయకులకూ ప్రయోజనం కలిగిందనీ ఒక వాదం ఉంది. పెంగ్విన్స్ రికార్డు కూడా పాప్ పట్టికలో 8వ స్థానానికి చేరింది కనుక ఈ వాదాన్ని పూర్తిగా తోసిపుచ్చలేము. కాని ప్రచారం పాటకు లభించింది. జీవనోపాధి గాయకులకు నిలవలేదు. విజయానంతరం నిర్వాహకుడు బక్ రామ్ ద్వారా పెంగ్విన్స్ మెర్క్యురీ సంస్థలోనే చేరారు. తమ పాటకు కవర్ వెలువరించిన సంస్థే వారికి ఆశ్రయమైంది. ఆ ఒప్పందంలో భాగంగా వెంట వచ్చిన ‘ది ప్లాటర్స్’ బృందం 1955లో ‘ఓన్లీ యు’తో జగత్ప్రసిద్ధి పొందగా, పెంగ్విన్స్‌కు పాప్ పట్టికలో మరో విజయం దక్కలేదు.

క్రూ-కట్స్ గానంలో నైపుణ్యలోపం లేదు. టొరంటోలోని సెయింట్ మైకేల్స్ కోయిర్ స్కూల్‌లో శిక్షణ పొందిన గొంతులు అవి. శ్రుతి స్వచ్ఛం, ఉచ్చారణ స్పష్టం, వాద్యసహకారం నిండుగా ఉంటుంది. అయితే నలుగురి గొంతులూ ఒద్దికగా కలిసిపోయినచోట, ఒంటరిగా నిలబడి వేడుకొంటున్న ప్రేమికుడు కనుమరుగయ్యాడు. విన్నపం ప్రదర్శనగా మారింది.

5. కర్తృత్వ వివాదం:
తొలుత కర్టిస్ విలియమ్స్ పేరుతో వెలువడిన ఈ పాటపై జెస్సీ బెల్విన్, గేనెల్ హాడ్జ్ తమకూ హక్కు ఉందని వాదించారు. వివాదం న్యాయస్థానానికి చేరింది. ఈనాడు గీతకర్తలుగా ముగ్గురి పేర్లూ నమోదై ఉన్నాయి. ప్రతిభావంతుడైన బెల్విన్ 1960లో ఆర్కన్సా రాష్ట్రంలో జరిగిన రోడ్డు ప్రమాదంలో మరణించాడు.

ఈ వివాదంలో ఒక వైపరీత్యం ఉంది. వ్యాజ్యం నడిచింది సాహిత్యం, వరుసల మీద. అవి పైన చూపినట్లు పాటలో అందరి ఉమ్మడి సొత్తుకు అతి దగ్గరగా ఉన్న అంశాలు. పాటను ఇతర పాటలనుండి వేరుచేసిన గాత్రం ఎవరిదో ఆ గాయకుడు, అంటే క్లీవ్‌లాండ్ డంకన్, కర్తల జాబితాలో లేడు. కాగితం మీద రాయగలిగినదే ఆస్తి అన్న భావన, మౌఖిక సంప్రదాయంలో పెరిగిన కళను కొలవడానికి చాలదని ఇది సూచిస్తోంది.

6. పునర్గానాలు:
సమకాలంలో పోటీగా వచ్చే కవర్‌కూ, కాలాంతరంలో వచ్చే పునర్గానానికీ భేదం పాటించడం అవసరం. మొదటిది మూలాన్ని విపణిలో పక్కకు నెడుతుంది. రెండవది మూలాన్ని జ్ఞాపకానికి తెస్తుంది. ఎల్విస్ ప్రెస్లీ సైనికసేవలో భాగంగా జర్మనీలో ఉన్నకాలంలో ఇంట్లో పాడుకొన్న ‘ఎర్త్ ఏంజెల్’ ఆయన మరణానంతరం 1984లో వెలువడింది. అమ్మకానికి ఉద్దేశించని ఆ గానంలో పాటపై ప్రేమ తప్ప వేరొక ప్రయోజనం కనిపించదు. 1963లో ఫ్రాంక్ జాపా, రే కాలిన్స్ రచించిన ‘మెమొరీస్ ఆఫ్ ఎల్ మాంటే’ను డంకన్ పెంగ్విన్స్ పేరుతోనే పాడాడు. పాతపాటలను తలచుకొనే ఆ గీతంలో ‘ఎర్త్ ఏంజెల్’ కూడా స్మృతిగా పలుకుతుంది. తొమ్మిదేళ్లలోనే ఒక గాయకుడు తన యౌవనానికి తానే స్మృతిగీతం పాడవలసి రావడంలో కరుణ ఉంది.

రాబర్ట్ జెమెకిస్ దర్శకత్వంలో 1985లో వచ్చిన ‘బ్యాక్ టు ద ఫ్యూచర్’ చలనచిత్రం ఈ పాటను కొత్తతరానికి చేర్చింది. 1955 నవంబరు 12 నాటి పాఠశాల నృత్యోత్సవంలో నల్లజాతి వాద్యబృందం ఈ పాటను ఆలపిస్తుంది. నాయకుని తల్లిదండ్రుల తొలిముద్దుతో అతని ఉనికి ముడిపడి ఉంటుంది. అందువలన పాట పూర్తికావడమే కథకు ప్రాణమవుతుంది. పాటను నల్లజాతి గాయకుని గొంతుకు తిరిగి ఇచ్చినందుకు చిత్రాన్ని అభినందించవచ్చు. కాని ఆ వెంటనే, శ్వేతజాతి బాలుడు వాయించిన గీతాన్ని ఫోనులో విన్న చక్ బెర్రీ తన శైలిని కనుగొన్నట్లు చూపే హాస్యం చరిత్రను తలకిందులు చేస్తుంది. మరుసటి ఏడాది ‘న్యూ ఎడిషన్’ బృందం ‘కరాటే కిడ్’ రెండవ భాగం కోసం పాడిన రూపం పాప్ పట్టికలో 21వ స్థానం పొందింది. నల్లజాతి యువగాయకులు తమ ముందుతరం పాటను మళ్లీ అందుకోవడం ఇందులోని విశేషం.

7. ముగింపు:
పై పరిశీలన వలన ఈ క్రింది అంశాలు తేటతెల్లమవుతున్నాయి.
1. ‘ఎర్త్ ఏంజెల్’ వస్తువు, చట్రం, స్వరక్రమం ఉమ్మడి సంప్రదాయానికి చెందినవి. దాని విశిష్టత గాత్రంలో ఉంది.
2. నాటి చట్టం గీతరచనను రక్షించి, గానాన్ని రక్షణలేకుండా విడిచిపెట్టింది. జాతివివక్ష ఆ ఖాళీని లాభంగా మార్చుకోవడానికి అవకాశమిచ్చింది.
3. నాటి పాప్ పట్టికలో 3వ స్థానం పొందిన రూపం నేడు ప్రధానంగా కవర్ల చరిత్రలో ఉదాహరణగా మిగిలింది. గరాజ్‌లో పాడిన నమూనాను అమెరికా లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ జాతీయ ధ్వనిముద్రణల జాబితాలో చేర్చింది.
4. కాలం ఇచ్చిన ఈ తీర్పు గౌరవప్రదమైనదే అయినా ఆలస్యమైనది. గాయకులు యువకులుగా ఉన్ననాడు వారికి అందవలసిన ప్రతిఫలానికి అది ప్రత్యామ్నాయం కాజాలదు.