భాషకి యజమాని ఉంటే?

కృత్రిమ భాషల గురించి ఎవరు రాసినా కాస్త వెటకారంతోనే మొదలుపెడతారు. ప్రపంచమంతా మాట్లాడాల్సిన భాషని ఒక్క మనిషి తన గదిలో కూర్చుని తయారు చేశాడంటే నవ్వు రాకుండా ఎలా ఉంటుంది? అరీకా ఓక్రెంట్ 2009లో తెచ్చిన ‘ఇన్ ద లాండ్ ఆఫ్ ఇన్వెంటెడ్ లాంగ్వేజెస్’లోనూ ఆ నవ్వు ఉంది. కానీ ఆవిడ భాషాశాస్త్రం చదువుకున్న మనిషి. ఎస్పరాంటో సభలకి వెళ్ళింది, క్లింగాన్ పరీక్ష రాసి పాసయింది. దూరంగా నిలబడి కాదు, వాళ్ళ పక్కన కూర్చుని నవ్వింది. అందుకే ఈ పుస్తకం నాకిష్టం. దాని వాదనని మాత్రం సగమే ఒప్పుకుంటాను.

ఆ వాదన ఇది: భాషలో మనం లోపాలనుకునే నానార్థాలు, మినహాయింపులు, అస్పష్టత నిజానికి లోపాలు కావు. వాటివల్లే భాష ఎటు కావాలంటే అటు వంగుతుంది. వాటిని ఏరిపారేద్దామనుకున్నవాళ్ళు చివరికి ఎవరూ మాట్లాడలేని భాషతో మిగిలారు.

దీనికి మంచి ఉదాహరణ జాన్ విల్కిన్స్. లండన్ రాయల్ సొసైటీ స్థాపకుల్లో ఒకడు. 1668లో అచ్చయిన ఆయన గ్రంథం లోకంలో ఉన్న సమస్తాన్నీ 40 వర్గాలుగా విడగొట్టింది. ‘దె’ అంటే భూతం (పంచభూతాల్లో అన్న అర్థంలో), ‘దెబ్’ అంటే నిప్పు, ‘దెబా’ అంటే మంట. మాట వింటే చాలు, వస్తువు ఏ కోవలోదో తెలిసిపోవాలి. మన అమరకోశం కూడా మాటల్ని వర్గాలుగానే పేర్చింది. కానీ ఆ వర్గాన్ని మాట లోపల కుక్కలేదు. విల్కిన్స్ కుక్కాడు. డేటాబేస్ డిజైన్ చేసినవాళ్ళకి ఈ తప్పు బాగా తెలుసు: ప్రైమరీ కీలో అర్థం దూరిస్తే, అర్థం మారిన రోజు కీ కూడా పోతుంది. పైగా ఒక్క అక్షరం తేడా వస్తే పక్క వస్తువు వచ్చి కూర్చుంటుంది. విల్కిన్స్ పుస్తకంలోనే ఒకచోట తులిప్ పువ్వు ఉండాల్సిన చోట బార్లీ పడిందని ఉంబెర్టో ఎకో పట్టుకున్నాడు.

విల్కిన్స్ వరకూ ఓక్రెంట్ వాదన సరిగ్గా సరిపోతుంది. మరి వోలాపుక్ ఎందుకు పోయింది, ఎస్పరాంటో ఎందుకు బతికింది? రెండూ మినహాయింపుల్ని ఏరిపారేసిన భాషలే కదా. ఆవిడ చెప్పిన కథల్లోనే ఇంకో జవాబు ఉంది. నేనైతే దాన్నే ముందు పెడతాను: భాషని తయారుచేసినవాడు దాన్ని వదిలిపెట్టాడా, లేదా?

వోలాపుక్ కర్త యోహాన్ మార్టిన్ ష్లయర్ అనే జర్మన్ క్యాథలిక్ ఫాదర్. 1880లో పుస్తకం వచ్చింది. పదేళ్ళు తిరక్కుండానే యూరప్‌లో క్లబ్బులు, పత్రికలు పుట్టుకొచ్చాయి. 1889లో పారిస్‌లో జరిగిన మూడో మహాసభ ఆ భాషలోనే నడిచింది. అక్కణ్ణుంచి పతనం. వ్యాకరణాన్ని కాస్త తేలిక చేద్దామని వోలాపుక్ అకాడమీ అడిగింది. ఏ నిర్ణయాన్నైనా కొట్టేసే హక్కు తనకి ఉండాలని ష్లయర్ పట్టుబట్టాడు. ఆ అకాడమీ పెద్ద పేరు ఆగస్ట్ కెర్క్‌హాఫ్స్. సెక్యూరిటీ సబ్జెక్టు చదివిన ఇంజినీరింగ్ వాళ్ళు ఈ పేరు దగ్గర ఆగుతారు. అవును, ఆయనే. తాళంచెవి ఒక్కటి తప్ప వ్యవస్థ మొత్తం శత్రువు చేతికి చిక్కినా రహస్యం నిలవాలని 1883లో రాసినాయన. ఆ సూత్రం గూఢలిపుల గురించి, భాషల గురించి కాదు. అయినా, గుప్పిట మూయడం మీద నమ్మకం లేని మనిషికీ గుప్పిట విప్పని మనిషికీ పొసగలేదంటే నాకేం ఆశ్చర్యం లేదు.

జామెన్‌హాఫ్ దారి వేరు. 1887లో వార్సాలో ఎస్పరాంటో మొదటి పుస్తకం వేస్తూ, భాష మీద తన హక్కులు వదులుకుంటున్నానని అందులోనే అచ్చేశాడు. ఇవాళ్టి మాటల్లో ఓపెన్ సోర్స్. 1905లో బూలోన్ సభలో, భాషకి పునాది అనుకున్న నియమాల్ని ఎవరూ ముట్టుకోకూడదని ఖరారైంది. ఆ ‘ఎవరూ’లో ఆయన కూడా ఉన్నాడు. 1907లో సంస్కరణవాదులు ఇడో అనే ఫోర్క్ తీశారు. పెద్ద తలకాయలు కొన్ని అటు వెళ్ళాయి, మాట్లాడే జనం ఎక్కువమంది ఇటే ఉండిపోయారు. ఇక్కడ ఓ ప్రశ్న రావాలి: మార్పుకి ఒప్పుకోకపోవడం రెండుచోట్లా ఉందిగా? ఉంది. ఒకచోట తాళం ఒక మనిషి జేబులో ఉంది, ఇంకోచోట ఎవరి జేబులోనూ లేదు. తేడా అంతా అక్కడే.

ఓక్రెంట్ పుస్తకంలో నన్ను నిజంగా బాధపెట్టింది చార్ల్స్ బ్లిస్ కథ. నాజీల దాహౌ, బూహెన్‌వాల్డ్ శిబిరాల నుంచి బయటపడి, షాంఘైలో చైనా లిపి చూసి, మాటలతో పనిలేని బొమ్మల లిపి కట్టాడు. చాలాఏళ్ళు ఎవరూ పట్టించుకోలేదు. 1971లో టొరంటోలో, సెరిబ్రల్ పాల్సీ వల్ల మాట రాని పిల్లలకి ఆ బొమ్మలు నేర్పడం మొదలుపెట్టారు. అప్పటిదాకా అవుననో కాదనో మాత్రమే చెప్పగలిగిన పిల్లలు తమ కోరికలూ కోపాలూ చెప్పుకోగలిగారు. ఒక భాషకి ఇంతకన్నా ఏం కావాలి? మొదట బ్లిస్ పొంగిపోయాడు. తర్వాత టీచర్ల మీదే విరుచుకుపడ్డాడు. వాళ్ళు తన బొమ్మల్ని పిల్లల అవసరానికి తగ్గట్టు మారుస్తున్నారని, ఇంగ్లీషుకి వంతెనగా వాడుతున్నారని ఆరోపణ. లాయర్ల దాకా వెళ్ళాడు. ఆయన కోరుకున్నది ప్రపంచశాంతి. ఎదురుగా ఉన్నది మాట దొరికిన పిల్లలు.

అలాగని ఇదంతా పిచ్చి అని కొట్టిపారేయడానికి నాకు మనసొప్పదు. జామెన్‌హాఫ్ పుట్టిన బియలిస్టాక్‌లో యూదులు, పోలిష్‌వాళ్ళు, రష్యన్లు, జర్మన్లు ఒకరినొకరు నమ్మకుండా బతికారు. ఆయన కల అక్కడిది. ఆయన 1917లో పోయాడు. ముగ్గురు పిల్లల్నీ నాజీలు చంపేశారు. 1937–38లో స్టాలిన్ కూడా ఎస్పరాంటో వాళ్ళని వదల్లేదు. ప్రమాదం లేని భాషని ఎవరూ అంత వెంటాడరు.

ఇప్పుడు విశ్వభాష స్థానంలో ఇంగ్లీషు ఉంది. మా ఆఫీసు కాల్‌లో హైదరాబాద్, వార్సా, మనీలా అన్నీ దాన్లోనే కలుస్తాయి. అది అంతదూరం వచ్చింది వ్యాకరణం గొప్పదై కాదు, సామ్రాజ్యం వల్ల, మార్కెట్ వల్ల. దానికి కర్త లేడు కానీ, యాసలో తప్పులు పట్టే యజమానులు మాత్రం ప్రతి మీటింగులోనూ దొరుకుతారు.

ఎస్పరాంటో అందరి భాష కాలేదు. ఇంట్లో దాన్నే వింటూ పెరిగిన పిల్లలున్న, తనకంటూ కవులున్న ఒక చిన్న భాష అయింది. ఓక్రెంట్ దీన్ని ముచ్చటగానే చూస్తుంది. నేను ఇంకో అడుగు ముందుకేసి, గెలుపంటే ఇదేనంటాను. నా సాక్ష్యం ఒకే ఒక్క క్రియ: ‘క్రోకోదీలి’. మక్కీకి మక్కీగా అయితే మొసలిలా చేయడం. అసలర్థం, ఎస్పరాంటో వాళ్ళ మధ్య కూర్చుని తన సొంత భాషలో మాట్లాడడం. అడ్డుగోడలు కూల్చడానికి పుట్టిన భాష, ఇంటిమనిషికీ బయటిమనిషికీ తేడా చెప్పే వేళాకోళం నేర్చుకుంది. ఆ వాడుక జామెన్‌హాఫ్ పెట్టింది కాదు. మాట్లాడేవాళ్ళు, ఎవర్నీ అడక్కుండా పుట్టించుకున్నారు.