బిరడా మసి

1916 నాటి ‘ఎ నేచురల్ బార్న్ గ్యాంబ్లర్’ అనే మూకీ సినిమాలో మొహానికి మసి పూసుకున్న నటుడు బెర్ట్ విలియమ్స్ జైలు గదిలో ఒంటరిగా పేకాడతాడు. చేతిలో ముక్కల్లేవు, ఎదురుగా మనుషుల్లేరు. అయినా పంచుతాడు, ఒక్కొక్కడి వంకా ఓరగా చూస్తాడు, పందెం కాస్తాడు, చివరికి తానే ఓడిపోతాడు. అభినయం నేర్చుకునే పిల్లలకు ఆ ఘట్టం చూపిస్తుంటాను. ఎవరో ఒకరు అడగనే అడుగుతారు: “నల్లాయనకి మళ్లీ ఆ మసెందుకు సార్?”

1830 ప్రాంతంలో టి.డి. రైస్ అనే తెల్ల నటుడు మొహానికి మసి పట్టించుకుని, చిరుగుల బట్టల్లో కుంటుతూ గెంతుతూ ‘జిమ్ క్రో’ వేషం కట్టాడు. జనం విరగబడ్డారు. సీసా బిరడా కాల్చి నూరిన మసే ఈ వేషాలకు రంగు. 1843లో న్యూయార్క్‌లో వర్జీనియా మిన్‌స్ట్రెల్స్ అనే నలుగురు తెల్లవాళ్లు దాన్ని ‘మిన్‌స్ట్రెల్’ అనే పూర్తి ప్రదర్శనగా మార్చారు. వాయించింది ఆఫ్రికా మూలాలున్న బాంజో. నవ్వింది ఆ వాయిద్యాన్ని తెచ్చినవాళ్లను చూసి. నల్లవారిని వెలివేసిన అమెరికా దక్షిణాది చట్టాలకు చివరికి ఆ వేషం పేరే అంటుకుంది.

వేషం కట్టడాన్ని నేను తప్పుపట్టను. మన పగటి వేషగాళ్లూ ఏ కులాన్నీ వదల్లేదు. కాకపోతే సోమయాజులు వేషగాడు ఆ సోమయాజుల గుమ్మం ముందే నిలబడి సంభావన అడగాలి. ఆ జంకు మిన్‌స్ట్రెల్ వేదికకు లేదు.

అమెరికా అంతర్యుద్ధం తర్వాత నల్లవారే బృందాలు కట్టినా, ప్రేక్షకులు మసి మొహాన్నే కోరారు. బహామాస్‌లో పుట్టిన విలియమ్స్‌ది చామనఛాయ, అది చాలలేదు. 1910లో జీగ్‌ఫెల్డ్ ఫాలీస్ అనే వినోద ప్రదర్శనలో తెల్ల తారల సరసన చేరినా పూత వదల్లేదు. అంత దట్టమైన పూతలో నటుడికి మిగిలేవి కళ్లూ చేతులూ. పేకాట ఘట్టమంతా ఆయన వాటితోనే నడిపాడు. నేను దాన్ని చూపించేది అందుకే, ఇబ్బందిపడుతూనే.

ఇలాంటి వెక్కిరింతకు జవాబులూ వచ్చాయి. డేవ్ కార్సన్ అనే మిన్‌స్ట్రెల్ నటుడు కలకత్తాలో బెంగాలీ బాబులను వెక్కిరించి దొరలను నవ్విస్తే, 1873లో బెంగాలీ నటుడు అర్ధేందు శేఖర్ ముస్తఫీ తానే సాహెబు వేషం కట్టి ‘ముస్తఫీ సాహెబ్ కా పక్కా తమాషా’ ఆడాడు. బాబులకు అప్పటికే సొంత రంగస్థలం ఉంది. అమెరికాలో ఆ పని 1898లో జరిగింది. నల్లవారే రాసి, నిర్మించి, ఆడిన సంగీత నాటకంలో బాబ్ కోల్ మొహానికి తెల్లరంగు పూసుకుని, ఎర్రగడ్డం తగిలించుకుని, విల్లీ వేసైడ్ అనే తెల్ల దేశదిమ్మరిగా రంగం మీదికి వచ్చాడు.