పొంగు చూసి మోసపోని చెయ్యి

రామగుండం ఎన్టీపీసీలో 200, 500 మెగావాట్ల యూనిట్ల బాయిలర్లకు పైభాగాన, చాలా ఎత్తులో, ఒక పొడవాటి ఉక్కు డ్రమ్ అడ్డంగా ఉంటుంది. కింది గొట్టాల్లో మరిగిన నీళ్లూ ఆవిరీ కలగలిసి పైకెక్కి అందులో విడిపోతాయి. ఆవిరి టర్బైన్ దారి పడుతుంది, నీళ్లు మళ్లీ కిందికి దిగుతాయి. ఆ డ్రమ్‌లో నీటిమట్టం మరీ పెరిగితే ఆవిరితో పాటు నీటి చుక్కలు పోయి టర్బైన్ బ్లేళ్లను దెబ్బతీస్తాయి. మరీ పడిపోతే గొట్టాలు ఎండి కాలిపోతాయి. మట్టం హద్దు దాటితే యూనిట్ దానంతటదే ట్రిప్ అవుతుంది. అందుకే కంట్రోల్ రూమ్‌లో డెస్క్ ఇంజనీరు కళ్లు డ్రమ్ లెవెల్‌ను ఎక్కువసేపు వదిలిపెట్టవు.

గ్రిడ్‌కు ఉన్నట్టుండి ఎక్కువ కరెంటు కావలసి వచ్చిందనుకుందాం. టర్బైన్ వాల్వులు ఇంకాస్త తెరుచుకుంటాయి, డ్రమ్ నుంచి ఆవిరి జోరుగా పోతుంది. వచ్చే నీళ్లకన్నా పోయేది ఎక్కువ, కాబట్టి లోపల నీళ్లు తరుగుతున్నాయి. మట్టం మాత్రం పెరుగుతుంది! పీడనం తగ్గడంతో నీళ్లలోని ఆవిరి బుడగలు ఉబ్బి, ఉన్న కాసిని నీళ్లనే పైకెత్తుతాయి. కాసేపటికి గానీ అసలు తరుగుదల బయటపడదు. మట్టాన్ని మాత్రమే చూసే కంట్రోలర్ ఈలోగా నీళ్లు ఎక్కువయ్యాయనుకుని ఫీడ్‌వాటర్ కోసేస్తుంది. నీళ్లు కావలసిన క్షణంలోనే నీళ్లు ఆపేస్తుందన్నమాట. ఇంజనీర్లు ఈ పొంగును స్వెల్ అంటారు. లోడు తగ్గినప్పుడు మట్టం అబద్ధంగా కుంగడాన్ని ష్రింక్ అంటారు.

నియంత్రణ శాస్త్రంలో చదవదగ్గవి చెప్పమంటే నేను ముందుగా చేతికిచ్చేది ఈ డ్రమ్ గురించి రాసిన ఒక వ్యాసం. స్వీడన్‌కు చెందిన కార్ల్ ఓస్ట్రోమ్ ఆర్.డి. బెల్‌తో కలిసి 2000లో 'ఆటోమేటికా' పత్రికలో ప్రచురించిన 'డ్రమ్ బాయిలర్ డైనమిక్స్' అది. అంత పెద్ద బాయిలర్‌ను, అందులోని కిలోమీటర్ల గొట్టాలను, టన్నుల ఉక్కును, మరిగే నీటిని నాలుగంటే నాలుగు సమీకరణాల్లో పెట్టారు వాళ్లు. ఉన్నది ఇంతే: ఎంత ద్రవ్యం వచ్చింది, ఎంత పోయింది, ఎంత శక్తి వచ్చింది, ఎంత పోయింది. అంత తక్కువ సరుకుతో అంత సత్యాన్ని పట్టిన రచన చదివినప్పుడు కలిగే ఆనందం మంచి కావ్యం చదివినప్పటి ఆనందానికి ఏ మాత్రం తీసిపోదు.

ఆ నాలుగు రాశులు వచ్చే క్రమంలో ఉంది అసలు శిల్పం. మొదట మొత్తం నీళ్లు, పీడనం. ఈ రెంటితోనే పీడనం ఎలా నడుస్తుందో చాలావరకు తెలిసిపోతుంది. తర్వాత పైకెక్కే గొట్టాల కొసన ఆవిరి పాలు ఎంతన్నది వస్తుంది. నాలుగోది, డ్రమ్‌లో నీటిమట్టం కింద చిక్కుకున్న ఆవిరి ఎంతన్నది. ఒక్కో రాశి ముందువాటి మీద ఆనుకుని నిలుస్తుంది. ముందువి వెనకదాని కోసం ఎదురుచూడవు. అందువల్ల చదువరి రెండింటి దగ్గర ఆగినా చేతిలో ఒక పూర్తి బొమ్మ ఉంటుంది, మూడు దగ్గర ఆగినా ఉంటుంది. కానీ ఆ నాలుగోది రాకపోతే మట్టం కథ సరిగ్గా నడవదు. బుడగలకు సమీకరణంలో ఒక చోటు ఇవ్వగానే, స్వెల్, ష్రింక్ రెండూ ఎవరూ పిలవకుండానే గ్రాఫులో లేచి నిలబడతాయి. నేను ఆ పుట దగ్గర ప్రతిసారీ ఆగిపోతాను. తాము కట్టిన ఈ నమూనాను రచయితలు ఒక స్వీడిష్ విద్యుత్కేంద్రంలో తీసిన కొలతల పక్కన పెట్టి చూపారు. ఆ రెండు గీతలు ఒకదాని మీద ఒకటి ఒదిగి సాగుతుంటే మనసు నిండిపోతుంది.

ప్లాంటులో దీనికి వాడే విరుగుడు త్రీ ఎలిమెంట్ కంట్రోల్. మట్టంతో పాటు పోతున్న ఆవిరినీ వస్తున్న నీటినీ కూడా కొలిచి, ముందు ఆ రెంటి లెక్క సరిచేస్తారు, మట్టాన్ని నెమ్మదిగా తర్వాత సవరిస్తారు. కంటికి కనిపించిన పొంగుకు చెయ్యి వెంటనే కదలకుండా ఆగుతుంది. ఔచిత్యమే రసానికి ప్రాణమని క్షేమేంద్రుడు చెప్పింది కావ్యం గురించే. అయినా ఈ శాస్త్రంలో గొప్ప రచనలన్నిటినీ ఒక వరసలో పెట్టి చూస్తే నాకు తోచేది అదే. ఎంత సవరించాలి, ఎప్పుడు సవరించాలి, ఎక్కడ ఊరుకోవాలి అన్న వివేకమే వీటి అందం. బలం చూపించే రచనలు ఈ శాస్త్రంలో చాలా ఉన్నాయి. నిగ్రహం చూపించేవే నిలిచాయి.

వాటన్నిటికీ పెద్దది 1868లో రాయల్ సొసైటీ ప్రొసీడింగ్స్‌లో వచ్చిన జేమ్స్ క్లార్క్ మాక్స్‌వెల్ వ్యాసం 'ఆన్ గవర్నర్స్'. విద్యుదయస్కాంత సమీకరణాల మాక్స్‌వెలే. ఆవిరి యంత్రం వేగాన్ని నిలిపే గవర్నర్ మీద 14 పుటలు రాశాడు. యంత్రానికి చిన్న కుదుపు తగిలితే జరగగలిగినవి నాలుగే అంటాడు. కుదుపు పెరుగుతూ పోవచ్చు, అణగిపోవచ్చు, ఊగుతూ పెరగవచ్చు, ఊగుతూ అణగవచ్చు. ఈ నాలుగు గతులనూ ఒక సమీకరణం మూలాల్లో చదవవచ్చని చూపించాడు. మూడో ఘాతం దాకా నియమం తేల్చాడు. అయిదో ఘాతానికి రెండు షరతులు దొరికాయి గానీ అవి చాలతాయో లేదో తేలలేదు. ఆ సంగతి దాచుకోలేదు. గణితజ్ఞులెవరైనా ఈ ప్రశ్న చేపట్టాలని వ్యాసంలోనే కోరాడు. ఎడ్వర్డ్ రౌత్ దాన్ని పూర్తిచేసి 1877లో ఆడమ్స్ బహుమతి పొందాడు. మన ఇంజనీరింగ్ కాలేజీల్లో కంట్రోల్ సిస్టమ్స్ పేపరులో పిల్లలు గబగబా నింపే రౌత్ పట్టిక వెనక ఇంత కథ ఉంది. ఆ పట్టిక నేర్చుకునే ముందు మాక్స్‌వెల్‌ను చదివితే, నింపే ప్రతి గడిలోనూ ప్రాణం కనిపిస్తుంది.

రామగుండం టర్బైన్ నిమిషానికి 3000 సార్లు తిరుగుతుంది. అదే మన 50 హెర్ట్జ్. ఆ వేగాన్ని నిలిపే గవర్నర్‌లో డ్రూప్ అని ఒకటుంది. ప్రభా కుందూర్ 1994లో వెలువరించిన 'పవర్ సిస్టమ్ స్టెబిలిటీ అండ్ కంట్రోల్' అనే బృహద్గ్రంథంలో ఆ అధ్యాయాన్ని ఏకబిగిన చదవాలి. వేగం తగ్గితే ఒక్క పిసరు కూడా వదలకుండా 3000కు తెచ్చి తీరాలని ప్రతి యంత్రమూ పట్టుబడితే, పక్కపక్కనున్న రెండు యంత్రాలు లోడు కోసం ఒకదానితో ఒకటి పెనుగులాడతాయి. అందుకని ప్రతి యంత్రమూ కొంత తేడాను ఒప్పుకునేలా కడతారు. డ్రూప్ 5 శాతమనుకుందాం. ఫ్రీక్వెన్సీ 0.1 హెర్ట్జ్ పడిపోతే 500 మెగావాట్ల యూనిట్ 20 మెగావాట్లు భుజాన వేసుకుంటుంది, 200 మెగావాట్ల యూనిట్ 8 మెగావాట్లు. ఎవరూ ఎవరికీ ఫోను చేయరు, మధ్యలో పంపకం చేసే పెద్దమనిషి ఉండడు. తీగల్లో పారే ఆ ఒక్క ఫ్రీక్వెన్సీ అందరికీ వినిపిస్తుంది, ఎవరి శక్తికి తగ్గట్టు వాళ్లు ఎత్తుకుంటారు. ఇంత చక్కని ఏర్పాటు ఏ రాజనీతి శాస్త్రంలోనైనా ఉందా అని నాకు అనిపిస్తుంది.

ఒకప్పుడు ఆ వినికిడికి ఎల్లలుండేవి. ఉత్తరాన చంద్రాపూర్ జిల్లా భద్రావతి దగ్గర కరెంటును డీసీగా మార్చి మళ్లీ ఏసీ చేసి అవతలికి పంపేవారు కనుక, దక్షిణ గ్రిడ్ ఫ్రీక్వెన్సీ ఒకటి, పశ్చిమానిది మరొకటి. 2013 డిసెంబరు 31న రాయచూరు–షోలాపూర్ 765 కేవీ లైనుతో దక్షిణ గ్రిడ్ మిగతా దేశంతో లయ కలిపింది. ఆ తర్వాత రామగుండంలో తిరిగే యంత్రమూ పంజాబులో తిరిగే యంత్రమూ ఒకే తాళానికి తిరుగుతున్నాయి.

ఈ శాస్త్రంలో మన తెలుగువాడి పేరు చెప్పకుండా ముందుకు పోలేను. గుంటూరులో 1947లో పుట్టిన మాతుకుమల్లి విద్యాసాగర్ రాసిన 'కంట్రోల్ సిస్టమ్ సింథసిస్: ఎ ఫాక్టరైజేషన్ అప్రోచ్' 1985లో వచ్చింది. కష్టమైన పుస్తకం, మొదటి చదువులో లొంగదు. దాని బీజం మాత్రం బడిపిల్లవాడికి కూడా అందుతుంది. 5, 7 తీసుకోండి. వీటికి 1 తప్ప ఉమ్మడి కారణాంకం లేదు. 5×3లోంచి 7×2 తీసేస్తే 1 వస్తుంది. అలా ఒక జోడీ దొరికితే చాలు, 3కు ఏడేసి, 2కు అయిదేసి కలుపుకుంటూ పోతే అన్ని జోడీలూ దొరుకుతాయి. 10, 7 కూడా అంతే, 17, 12 కూడా అంతే. సంఖ్యల చోట యంత్రాలను వర్ణించే ప్రమేయాలను పెట్టండి. ఒక యంత్రాన్ని స్థిరంగా నిలిపే కంట్రోలర్ ఒక్కటి కనిపెడితే, దాన్ని నిలపగల కంట్రోలర్లన్నీ, ఒక్కటీ మిగలకుండా, ఒకే సూత్రంలో వచ్చి వాలతాయి. 1976లో యూలా, ఆయన సహచరులు తీసిన ఈ దారిని విద్యాసాగర్ బీజగణితపు రాచబాట చేశారు. ఆయన తండ్రి ఎం.వి. సుబ్బారావు సంఖ్యా సిద్ధాంతంలో పేరున్న పండితుడు. తండ్రి ఇంటి సొత్తు కొడుకు చేతిలో యంత్రాలను నిలపడానికి పనికొచ్చిందని తలచుకుంటే నాకు ఎంతో ముచ్చటేస్తుంది. 2012లో రాయల్ సొసైటీ ఆయన్ను ఫెలోగా ఎన్నుకుంది. మాక్స్‌వెల్ వ్యాసం అచ్చయింది ఆ సొసైటీ పత్రికలోనే.

కంప్యూటర్ దగ్గరికి వస్తే ఒక్క వ్యాసం చాలు. క్లీవ్ మోలర్, చార్లెస్ వాన్ లోన్ 1978లో సియామ్ రివ్యూలో రాసినది. మాత్రిక ఘాతీయాన్ని (ఎక్స్‌పొనెన్షియల్‌ను) లెక్కించడానికి 19 మార్గాలున్నాయని, అన్నీ ఎంతో కొంత సందేహించదగ్గవేనని పేరులోనే చెప్పేశారు. ఇప్పటి స్థితి తెలిస్తే రేపటి స్థితి చెప్పేది ఆ లెక్కే, కాబట్టి కంట్రోల్ ఇంజనీరుకు అది నిత్యావసరం. పాఠ్యపుస్తకం చెప్పినట్టు టేలర్ శ్రేణిని కూడుతూ పోతే, ఒక చిన్న 2×2 మాత్రికకే పెద్ద పెద్ద ధన రుణ సంఖ్యలు ఒకదాన్నొకటి కొట్టేసుకుని చివరికి అర్థం లేని జవాబు మిగలడం చూపిస్తారు. కాగితం మీద నిజమైనది యంత్రంలో అబద్ధమవుతుంది. పాతికేళ్ల తర్వాత 2003లో ఆ ఇద్దరే మళ్లీ వచ్చి ఆ వ్యాసాన్ని సవరించుకుని, పెంచి రాశారు. తమ పనిని అంతకాలం కనిపెట్టి ఉన్న రచయితలంటే నాకు గౌరవం.

వీటిలో గుండెను గట్టిగా పట్టేది గంటర్ స్టైన్ ప్రసంగం, 'రెస్పెక్ట్ ది అన్‌స్టేబుల్'. 1989లో చేసిన ప్రసంగం, 2003లో అచ్చయింది. హెండ్రిక్ బోడే కనిపెట్టిన ఒక సమాకలని (ఇంటెగ్రల్) చుట్టూ అల్లిన మాట అది. ఒక ఫ్రీక్వెన్సీ దగ్గర కుదుపును అణిస్తే మరోచోట అది పెరిగి తీరుతుంది. స్టైన్ దీన్ని మట్టి తవ్వడంతో పోల్చాడు: ఒకచోట తవ్విన మట్టి మరోచోట కుప్ప పడాల్సిందే, మాయమవదు. యంత్రం స్వతహాగా అస్థిరమైనదైతే కుప్ప ఇంకా పెద్దదవుతుంది. ఎక్స్-29 విమానానికి కోరిన 45 డిగ్రీల ఫేజ్ మార్జిన్ (అస్థిరతకు ముందు మిగలాల్సిన వెసులుబాటు) ఎంత తెలివైన డిజైనుతోనూ ఎందుకు రాలేదో అక్కడ తెలుస్తుంది. 1986 నాటి చెర్నోబిల్ కూడా ఆ ప్రసంగంలో ఉంది. అహంకారం లేని శాస్త్రం ఎలా మాట్లాడుతుందో వినాలంటే దీన్ని వినాలి.

మా వైపు వాళ్లకు ఈ హద్దుల సంగతి కొత్త కాదు. 2022 జులైలో కడెం ప్రాజెక్టు మీదికి 5 లక్షల క్యూసెక్కులకు పైగా వరద వచ్చింది. 18 గేట్లూ ఎత్తినా వదలగలిగేది అంతకన్నా చాలా తక్కువ. గేటు పూర్తిగా లేచాక నియంత్రణ అనేది మిగలదు, మిగిలేది ఆనకట్ట బలం ఒక్కటే. పోచంపాడులో గేటు కదిలిస్తే కాకతీయ కాలువలో 146 కిలోమీటర్లు నడిచి గానీ ఆ నీళ్లు కరీంనగర్ దగ్గర మానేరు డ్యాము చేరవు. ఇవాళ ఎత్తిన గేటుకు జవాబు తాపీగా వస్తుంది, ఆలోగా తొందరపడి మళ్లీ మళ్లీ తిప్పితే కాలువ ఊగుతుంది. స్టైన్‌ను చదివాక ఆ కాలువ గట్టు మీద నిలబడితే రెండూ ఒకదానికొకటి వ్యాఖ్యానంలా ఉంటాయి.

కొత్తగా మొదలుపెట్టే విద్యార్థికి, జగిత్యాల జేఎన్టీయూ అయినా బాసర ట్రిపుల్ ఐటీ అయినా, నాగ్రత్–గోపాల్ పాఠ్యపుస్తకం ఎలాగూ చేతిలో ఉంటుంది. లెక్కలకు అది మంచిదే. పక్కన ఓస్ట్రోమ్, రిచర్డ్ ముర్రే రాసిన 'ఫీడ్‌బ్యాక్ సిస్టమ్స్' (2008) పెట్టుకోవాలి. రచయితలే దాన్ని ఇంటర్నెట్‌లో ఉచితంగా పెట్టారు. లెక్కకు ముందు లోకాన్ని చూపించే పుస్తకం అది.

ఆ తర్వాత డ్రమ్ వ్యాసానికి రావాలి, తొందరగానే రావాలి. ఎందుకంటే రామగుండంలో కొత్తగా వచ్చిన తెలంగాణ ప్రాజెక్టు 800 మెగావాట్ల యూనిట్లు సూపర్ క్రిటికల్ రకం. వాటిలో ఆ డ్రమ్ లేదు. ఆ పీడనంలో నీళ్లకూ ఆవిరికీ మధ్య గీత ఉండదు కాబట్టి చూడ్డానికి మట్టమే ఉండదు, నాలుగో సమీకరణంలోని బుడగలూ ఉండవు. బొగ్గుకు తగ్గ నీళ్లు, నీళ్లకు తగ్గ బొగ్గు నిమిష నిమిషమూ కుదరాలి. కుదిరిందీ లేనిదీ గొట్టాల్లోని ఆవిరి ఉష్ణోగ్రతే చెబుతుంది. నిల్వ ఉండే నీళ్లు తక్కువ గనుక తప్పు దిద్దుకునే వ్యవధీ తక్కువే. ఓస్ట్రోమ్, బెల్ నాలుగు సమీకరణాలను ఇష్టంగా చదివినవాళ్లు ఆ బాయిలర్‌కు ఎన్ని రాశులు చాలతాయో తామే కూర్చుని రాసి చూసుకోవచ్చు. ద్రవ్యం, శక్తి లెక్కలు రెండూ అక్కడా అవే.