మంచుమీది వీరగాథలు: ఒక పునఃపరిశీలన

సోవియట్ ధ్రువ పరిశోధనా కేంద్రాల గాథలన్నిటికీ మనం చాలాకాలంగా ఒకే శీర్షిక పెట్టుకున్నాం: 'ప్రకృతిపై మానవుని విజయం'. నాన్నగారి ట్రంకు పెట్టెలో దొరికిన 'సోవియట్ భూమి' పాత సంచికలు తిరగేస్తూ పెరిగినవాణ్ణి నేను. ఆ శీర్షికను నమ్మాను, సభల్లో వల్లించాను కూడా. మొన్న తొమ్మిదో తరగతి పిల్లలకు, అంటార్కిటికాలో తన కడుపు తానే కోసుకుని అపెండిక్స్ తీసేసుకున్న డాక్టరు రొగొజోవ్ కథ చెప్పాను. అంతా విని ఒక అమ్మాయి లేచి, "ఆయనకు భయం వెయ్యలేదా మాస్టారూ?" అని అడిగింది. "వీరుడికి భయమేమిటమ్మా!" అనేశాను. గంట కొట్టారు. ఆ జవాబు తప్పని ఇంటికి వచ్చాక తోచింది. నేను సొంతంగా చెప్పిన జవాబు కాదది. మన విమర్శ నాకు నేర్పిన జవాబు. అందుకే ఈ వ్యాసం.

ముందు పపానిన్ దినచర్యను తీసుకుందాం. 1937 మే 21న తొలి విమానం ఉత్తర ధ్రువానికి సుమారు 20 కిలోమీటర్ల దూరంలో ఒక మంచుపలక మీద దిగింది. 'ఉత్తర ధ్రువం–1' కేంద్రం అట్లా మొదలైంది. నాయకుడు ఇవాన్ పపానిన్, రేడియో ఆపరేటరు ఎర్న్‌స్ట్ క్రెంకెల్, సముద్రజీవ శాస్త్రజ్ఞుడు ప్యోత్ర్ షిర్షోవ్, భూభౌతిక శాస్త్రజ్ఞుడు యెవ్గేనీ ఫ్యోదొరోవ్. వీళ్లతో వెస్యోలీ అనే కుక్క. ఆ పలక 274 రోజులు ప్రవాహంతో పాటు గ్రీన్‌లాండ్ వైపు కొట్టుకుపోయింది. 1938 ఫిబ్రవరి 1న తుపాను తాకిడికి పలక బద్దలై, వాళ్ల కాళ్లకింద మిగిలింది 300 మీటర్ల పొడవు, 200 మీటర్ల వెడల్పు ఉన్న ముక్క. అదీ రోజురోజుకూ తరిగిపోతూ ఉండగా ఫిబ్రవరి 19న తైమీర్, మూర్మన్ అనే ఓడలు మంచును చీల్చుకుంటూ వచ్చి వాళ్లను ఎక్కించుకున్నాయి.

ఈ గాథకు బలం ఎక్కడుంది? శ్రమలో ఉంది. ధ్రువం దగ్గర సముద్రం లోతు 4,290 మీటర్లని తేల్చటానికి తీగను అడుగుదాకా వదిలి, మళ్లీ చేత్తో గంటల తరబడి పైకి చుట్టాలి. అక్కడ చదువుకున్నవాడి చెయ్యి, చదువుకోనివాడి చెయ్యి అన్న తేడా లేదు. నాయకుడే వంటవాడు. మేధాశ్రమకూ కాయకష్టానికీ మధ్య మనం కట్టుకున్న గోడ ఆ చిన్న గుడారంలో నిలవలేదు. ధ్రువం దగ్గర ప్రాణి బతకదన్న నమ్మకం కూడా ఆ చేతి చాకిరీ వల్లనే కూలిపోయింది. ఈ పుస్తకాన్ని నేను ఇప్పటికీ ప్రేమించేది ఇందుకే.

అయితే ఏ రచననైనా దాని కాలంలో పెట్టి చూడాలని మనమే కదా అంటాం? 'మంచుపలక మీద జీవితం' వెలువడింది 1938లో. ఆ పలక సముద్రం మీద తేలుతున్న నెలల్లోనే నేలమీద అరెస్టులు సాగుతున్నాయి. 1928లో క్రాసిన్ ఓడ మీద యాత్రకు నాయకత్వం వహించి, 'ఇటాలియా' అనే ఆకాశనౌక కూలి మంచులో చిక్కుకున్నవారిని కాపాడిన మహాశాస్త్రజ్ఞుడు రుదోల్ఫ్ సమొయిలొవిచ్. ఆర్కిటిక్ పరిశోధనా సంస్థకు నాయకుడు. ఆయనను 1938లో అరెస్టు చేశారు, 1939లో కాల్చి చంపారు. నిర్దోషి అని ప్రకటించింది మరణించిన తర్వాత. ధ్రువవీరుడు షిర్షోవ్ యుద్ధకాలంలో నౌకాశాఖ మంత్రి అయ్యాడు. ఆయన భార్య, సినిమా నటి యెవ్గేనియా గర్కుషాను 1946లో పట్టుకుపోయారు. 1948లో కోలిమాలో ఆమె ప్రాణం పోయింది. దేశమంతా దండలు వేసిన వీరుడు తన ఇంటి మనిషిని దక్కించుకోలేకపోయాడు.

ఈ మాటలు ఒక సమావేశంలో అన్నప్పుడు మా పెద్దాయన ఒకరు, "శత్రువు చేతికి కర్ర అందిస్తున్నావోయ్" అని మందలించారు. ఆయన మీద నాకున్న గౌరవం తగ్గలేదు, తగ్గదు. కాని శ్రమ పక్షాన నిలబడతామని చెప్పుకునేవాళ్లం, సమొయిలొవిచ్ చేసిన శ్రమను లెక్కలోంచి కొట్టివేస్తే, ఆ లెక్క ఎవరి లెక్క? శత్రువుకు కర్ర అందించేది నిజం కాదు, మనం దాచిన నిజం.

ఇక రొగొజోవ్ సంగతి. 1961లో కొత్తగా వెలిసిన నోవొలజరెవ్‌స్కాయా కేంద్రంలో ఉన్నది 13 మంది. డాక్టరు ఆయన ఒక్కడే, వయసు 27. మరో సోవియట్ కేంద్రం మీర్నీ 1,600 కిలోమీటర్ల పైమాట. మంచు తుపానులో విమానం రాదు. ఏప్రిల్ 30 రాత్రి ఆయన తనకు తానే మత్తుసూది గుచ్చుకుని కత్తి పట్టాడు. వాతావరణ పరిశీలకుడు పనిముట్లు అందించాడు, మెకానిక్ అద్దం పట్టుకున్నాడు. గంటా ముప్పావు పట్టింది. నీరసం కమ్మినప్పుడల్లా కొన్ని క్షణాలు ఆగి మళ్లీ పని సాగించాడు. రెండు వారాలకు మామూలు విధుల్లోకి వచ్చాడు.

ఆయన 1964లో సోవియట్ అంటార్కిటిక్ యాత్ర సమాచార పత్రికలో దీన్ని క్లుప్తంగా రాశాడు. ఆయన దినచర్యలోని భాగాలను కుమారుడు 2009లో ఒక బ్రిటిష్ వైద్యపత్రికలో వెలువరించాడు. ఆ పుటల్లో నొప్పి ఉంది, నిద్రలేని రాత్రి ఉంది, భయం ఉంది, సాయం చేసేవాళ్ల ముఖాలు పాలిపోవటం ఉంది. మన ఆలంకారికులు వీరానికి ఉత్సాహాన్నీ భయానకానికి భయాన్నీ స్థాయిగా చెప్పి, ఈ రెండు రసాలకూ పొసగదన్నారు. మనం అలంకారశాస్త్రాన్ని పాతదని పక్కన పెట్టాం గాని, ఈ ఒక్క నియమాన్ని మాత్రం తెలియకుండానే పాటించాం. మన కథల్లో కార్మికవీరుడు భయపడడు, సందేహించడు, రాత్రి నిద్రలేక దొర్లడు. రొగొజోవ్ పుటల్లో భయం పక్కనే ఉత్సాహం నిలబడింది. అందుకే ఆయన మనకు దగ్గరివాడయ్యాడు.

మరో విషయం. అద్దంలో కుడి ఎడమై కనిపిస్తుంది. అది తికమక పెట్టడంతో ఆయన చాలామటుకు చేతి తొడుగులు లేని వేళ్లతో తడిమి చూసుకుంటూ పని ముగించాడు. సాహిత్యం సమాజానికి అద్దమని తరగతిలో నేను ఎన్నిసార్లు చెప్పానో! పపానిన్ పుస్తకమూ అద్దమే. అద్దం అవసరమే, అది పట్టుకోవటానికి ఒక తోటి మనిషి చెయ్యీ అవసరమే. కాని నరమెక్కడుందో, పుండెక్కడుందో చెప్పవలసింది వేలికొస. విమర్శకుడు అద్దాన్ని పొగిడి ఊరుకుంటే చాలదు.

చివరగా ఆ 'విజయం' అన్న మాట. 1957 డిసెంబరు 16న తెరిచిన వొస్తోక్ కేంద్రం సముద్రమట్టానికి 3,488 మీటర్ల ఎత్తున ఉంది. 1982 ఏప్రిల్ 12న అక్కడి విద్యుత్ కేంద్రం తగలబడి ఒక మెకానిక్ చనిపోయాడు. మిగిలిన 20 మంది పాత డీజిల్ యంత్రాన్ని బాగుచేసుకుని, దొరికిన సామానుతో పొయ్యిలు తయారుచేసుకుని శీతకాలమంతా బతికారు. మరుసటి ఏడు జూలై 21న అక్కడే మైనస్ 89.2 డిగ్రీల చలి నమోదైంది. అదే చోట తవ్వితీసిన మంచుకడ్డీలను సోవియట్, ఫ్రెంచి శాస్త్రజ్ఞులు కలిసి పరిశీలించి, 1987లో 1,60,000 ఏళ్ల వాతావరణ చరిత్రను చదివి చెప్పారు. 1999 నాటికి అమెరికన్లూ కలిసిన బృందం ఆ చరిత్రను నాలుగు లక్షల ఏళ్లు దాటించింది. గాలిలో బొగ్గుపులుసు వాయువు, భూమి వేడిమి కలిసి నడుస్తాయని, మన కాలంలో ఆ వాయువు మునుపెన్నడూ లేనంత పెరిగిందని ఆ మంచు సాక్ష్యం చెప్పింది. ప్రకృతిని జయించామని జెండా పాతిన చోటే, ఆ జయం ఖరీదెంతో రాసి ఉంది! 2013లో 'ఉత్తర ధ్రువం–40' పలక ముందుగానే బీటలువారి మనుషులను తరలించవలసి వచ్చింది. పపానిన్ నిలబడిన మంచు ఇవాళ నమ్మదగ్గ నేల కాదు.

నోవొలజరెవ్‌స్కాయాకు నాలుగైదు కిలోమీటర్ల దూరంలోనే 1989 నుంచి మన 'మైత్రి' కేంద్రం ఉంది. జయం అనే మాటకన్నా ఆ పేరే ఈ గాథలకు తగిన శీర్షిక అని నాకనిపిస్తుంది. మనిషితో మనిషి మైత్రి, మంచుతో మనిషి మైత్రి.

మరునాడు బడికి వెళ్లగానే ఆ అమ్మాయిని పిలిచి చెప్పాను: "నిన్న నేను చెప్పింది తప్పమ్మా. ఆయనకు భయం వేసింది. వేసిందని కాగితం మీద రాసుకున్నాడు. ఆ తర్వాతే కత్తి పట్టాడు." ఆ పిల్ల కాసేపు ఆలోచించి, "అద్దం పట్టుకున్నాయనకు కూడా వేసుంటుంది కదండీ?" అంది. మన విమర్శ అడగవలసిన ప్రశ్న అది. మాకంటే ముందు ఆ పిల్ల అడిగింది.