ఇంటి కెమెరా, పరుల చూపు

బిడ్డలు అమెరికాలోనో ఆస్ట్రేలియాలోనో స్థిరపడి, వృద్ధులైన తల్లిదండ్రులు ఊరిలో మిగిలిన గృహములలో సీసీ కెమెరా కనబడుట నేడు సాధారణమైనది. అమ్మ మందు వేసికొనెనా, నాన్న కాలుజారి పడలేదు గదా యని అంత దూరము నుండి ఫోనులో చూచుకొనెడి ఆ బిడ్డల ఆరాటమును నేను మనసారా గౌరవింతును. గౌరవింతును గనుకనే, ఆ చూపు వెంట పరుల చూపు చొరబడకుండ కాచుట మన విధియని చెప్పుచున్నాను.

2014లో ఒక వెబ్‌సైటు పలుదేశముల కెమెరాల ప్రత్యక్ష దృశ్యములను వేలకొలదిగా బహిరంగపరచెను. అందులకు గొప్ప విద్య యేదియు అవసరపడలేదు; కర్మాగారమున పెట్టిన పాస్‌వర్డును కొన్నవారు మార్చకపోవుటయే చాలెను. 2016లో మిరాయ్ అను దుష్ట ప్రోగ్రాము అట్టి పాస్‌వర్డులు సుమారు అరువది మాత్రము చేతబట్టి, లక్షలాది కెమెరాలను, వాని దృశ్యములను భద్రపరచెడి డీవీఆర్‌లను, రూటర్లను వశపరచుకొనెను.

బంధువుల యిండ్లలో కెమెరాకు రక్షణ కల్పింపవలసి వచ్చినప్పుడు నేను కెమెరాను గాక మొదట రూటరును చూతును. యూపీఎన్‌పీ యను ఏర్పాటు పనిచేయుచున్నచో, కెమెరా ఇంటివారికి తెలియకయే రూటరు నడిగి వెలుపలి జగత్తునకు ద్వారము తెరపించుకొనగలదు; కావున ఆ ఏర్పాటును ఆపివేయుదును. పిదప డీవీఆర్‌లోని యూజర్ల పట్టికను తెరచినచో, అడ్మిన్‌తో బాటు, కెమెరా బిగించిన యువకుడు పెట్టుకొన్న మరియొక ఖాతా తరచుగా కనబడును. అది దురుద్దేశముతో పెట్టినది కాదు, రేపు మరమ్మతునకు పిలిచినప్పుడు సులువగుటకే. అయినను ఒకే పాస్‌వర్డును వీధిలోని పదియిండ్లకు పెట్టుట అతని అలవాటైనచో, ఒక యింట బయటపడినది పదియిండ్లను తెరచును. కావున ఆ ఖాతాను తొలగించి, మరెక్కడను వాడని దీర్ఘమైన పాస్‌వర్డు పెట్టి, యాప్‌నకు ఓటీపీ రక్షణ తగిలించి, ఫర్మ్‌వేరు అప్‌డేటు చేయుదును. తయారీదారు అప్‌డేట్లు మానివేసిన కెమెరాను మాత్రము, బొమ్మ ఎంత స్పష్టముగా వచ్చుచున్నను, ఇంటర్నెట్టు నుండి తప్పించుటే మేలని నా నిశ్చితాభిప్రాయము.

2025 ఏప్రిల్ నుండి మన దేశమున అమ్మెడి సీసీ కెమెరాలకు ప్రభుత్వము భద్రతాపరీక్షను తప్పనిసరి చేసెను. హర్షణీయమే, కాని గోడలపై నున్న పాతవానిని ఆ పరీక్ష రక్షింపదు. ఇక శిక్ష మాటకు వచ్చినచో, సమ్మతి లేక ఒకరి నగ్నదేహచిత్రమును తీసి వ్యాపింపజేసినవారికి ఐటీ చట్టము 66ఇ సెక్షను క్రింద 3 ఏండ్ల వరకు కారాగారశిక్ష పడవచ్చును. ఆ శిక్ష పడులోపల బొమ్మ ఎన్ని దేశములు దాటిపోవునో!

పడకగదిలో కెమెరా అసలే వలదు. మంచము పట్టినవారి విషయము వేరు. అక్కడను వారి నడిగియే పెట్టవలయును. యాప్ కొడుకు ఫోనులోను, పాస్‌వర్డు కోడలి యొద్దను ఉండి, నిత్యము చూడబడెడి తల్లికి దానిని ఆపెడి విధమే తెలియకపోవుట నాకు మిక్కిలి బాధాకరము. మా పిన్ని యింట అట్లే యుండగా, "పిన్నీ, చీర మార్చుకునేటప్పుడు ఈ స్విచ్చు కట్టెయ్యి, తమ్ముడితో నేను చెప్తాలే" అని స్విచ్చు చూపితిని. పిదప తమ్మునితో చెప్పగా, అతడు ఆ మాటకు సంతోషముగా సమ్మతించెను.