చందమామ మీద తగవు: 'లా లూనా' చిత్రం

ఎన్రికో కాసరోసా దర్శకత్వంలో పిక్సార్ సంస్థ నిర్మించిన 'లా లూనా' (2011) సుమారు ఏడు నిమిషాల యానిమేషన్ చిత్రం. ఇందులో పాత్రలు మాట్లాడతాయి గాని ఆ మాటలు ఏ భాషకూ చెందవు. తాత, తండ్రి, పిల్లవాడు రాత్రిపూట పడవలో సముద్రం మీదికి వెళ్తారు. చంద్రుడు పొడవగానే నిచ్చెన వేసుకొని ఎక్కుతారు. అక్కడ రాలిపడ్డ నక్షత్రాలను ఊడవడం వారి ఇంటి వృత్తి.

ముందుగా టోపీ సంగతి చూడాలి. పిల్లవాడికి పెట్టిన కొత్త టోపీని తండ్రి కళ్లమీదికి లాగుతాడు, తాత వెనక్కి నెడతాడు. చీపుళ్ల దగ్గరా ఇదే తంతు. తాతది పాతకాలపు పుల్లల చీపురు. తండ్రిది కర్రకు అడ్డంగా బిగించిన వెడల్పాటి కుచ్చు. ఎవరి పద్ధతి వారికి వేదం. పనిముట్టు క్రమంగా పౌరుషంగా మారడాన్ని అర్థమయ్యే మాట ఒక్కటీ లేకుండానే దర్శకుడు చూపగలిగాడు. హోసూరులోనో బళ్లారిలోనో తాత తెలుగొకటి, నాన్న తెలుగొకటి వింటూ పెరిగిన మన విద్యార్థులకు ఈ ఘట్టాన్ని విడమరచి చెప్పనక్కరలేదు.

ఇంతలో ఒక పెద్ద నక్షత్రం వచ్చి పడుతుంది. పెద్దలిద్దరూ వాదనకు దిగుతారు. పిల్లవాడు టోపీని వెనక్కి తిప్పి పెట్టుకొని, సుత్తి పట్టుకొని దాని మీదికెక్కి మెల్లగా తడతాడు. నక్షత్రం వందలాది చిన్న నక్షత్రాలుగా చెదురుతుంది.

దీన్ని మధ్యేమార్గమనడం సులువు. మేము ఒప్పుకోలేము. మధ్యేమార్గమైతే తాత చీపురుకూ తండ్రి కుచ్చుకూ నడుమ మరొకటి కావాలి. పెద్దల తగవు ఎలా ఊడవాలన్నదాని గురించి. అసలు ఇది ఊడ్చే వస్తువేనా అన్న ప్రశ్న పిల్లవాడిది. అయినా నక్షత్రం పగిలాక రెండు చీపుళ్లకూ చేతినిండా పని దొరుకుతుంది. కొత్తదారి పాతవాటిని పారవేయలేదు, వాటికి సరిపడే పనిని తెచ్చిపెట్టింది. పిల్లవాడు మాత్రం తనకోసం పళ్లున్న మరో పనిముట్టు ఎంచుకొంటాడు.

లోపం లేకపోలేదు. అంత పెద్ద నక్షత్రం అంత తేలికగా విచ్చిపోవడం కథకు అనుకూలం, పనికి అన్యాయం. పిల్లవాడు ఒక్కసారైనా విఫలమై ఉంటే పెద్దల మౌనానికి మరింత బరువు వచ్చేది.

చివరికి పడవలో కూర్చొని ముగ్గురూ తల పైకెత్తుతారు. ఊడ్చినంత మేర చీకటి, మిగిలినది నెలవంక.