'పరిశీలించండి' అనే తీర్పు

అప్పీలు కొట్టేస్తే కోర్టుకెక్కొచ్చు. కొట్టేయకుండా, ఒప్పుకోకుండా ఫైలు తొక్కిపెడితే ఏం చేయాలి? మన అటెండర్లనీ, స్వీపర్లనీ, గ్యాంగ్‌మన్లనీ అడగండి, చెప్తారు. పై అధికారి వేసిన శిక్ష ఆ నెల జీతంలోనే తెలుస్తుంది. దాని మీద పెట్టుకున్న అప్పీలు మాత్రం ఏళ్ల తరబడి 'పరిశీలనలో' ఉంటుంది.

1976 నాటి 42వ రాజ్యాంగ సవరణ, ఏ శిక్ష వేయబోతున్నారో దాని మీద ఉద్యోగి చెప్పుకునే రెండో అవకాశాన్ని తీసేసింది. అందుకే 1986లో రామ్‌చందర్ అనే రైల్వే ఉద్యోగి కేసులో సుప్రీంకోర్టు, ఇక అప్పీలే అతనికి మిగిలిన చోటు కాబట్టి అతని మాట వినాలి, కారణాలు రాసి ఆర్డరివ్వాలి అంది. మంచి తీర్పే. ఐతే అసలు ఆర్డరే ఇవ్వని అధికారి సంగతేమిటి?

దానికి 1985 నాటి పరిపాలనా ట్రిబ్యునళ్ల చట్టంలో జవాబుంది. 20వ సెక్షన్ ప్రకారం అప్పీలు పెట్టి ఆరు నెలలు గడిచినా ఆర్డరు రాకపోతే, ఉద్యోగి ట్రిబ్యునల్‌కు వెళ్లొచ్చు. 21వ సెక్షన్ ప్రకారం అక్కణ్ణుంచి ఏడాదిలోపు వెళ్లాలి. 1989లో ఎస్.ఎస్. రాథోడ్ కేసులో ఏడుగురు జడ్జీల ధర్మాసనం కూడా ఈ లెక్కనే ఖాయం చేసింది. రూల్సులో లేని వినతిపత్రాలు ఎన్ని పెట్టుకున్నా గడువు పెరగదని కూడా చెప్పింది.

ఇక్కడే నా అభ్యంతరం. అధికారి మౌనంగా ఉన్న ప్రతి రోజూ ఉద్యోగి ఖాతాలోంచే పోతోంది. పద్దెనిమిది నెలలు దాటితే 'ఆలస్యం ఎందుకైంది?' అని అతన్నే అడుగుతారు. ఆఫీసు చుట్టూ కాళ్లరిగేలా తిరిగి, 'అయిపోతుంది, పై వారం రా' అన్న గుమాస్తా మాట నమ్మినవాడు ఏ కాగితం చూపిస్తాడు? ఆలస్యాన్ని మన్నించే అధికారం ట్రిబ్యునల్‌కు ఉంది, నిజమే. కానీ అది దయ, హక్కు కాదు. పై పెచ్చు తొక్కిపెట్టినవాణ్ణి అడిగే సెక్షన్ ఆ రెండింటిలో ఎక్కడా లేదు.

సరే, గడువులోపే కోర్టుకెళ్లాడనుకుందాం. ఎక్కువసార్లు దొరికేది ఒకటే వాక్యం: 'ఇన్ని వారాల్లో అప్పీలును పరిశీలించి పరిష్కరించండి.' మనవాళ్లు గెలిచామనుకుని ఊరెళ్తారు. అధికారి రెండు వాక్యాల్లో తిరస్కరిస్తాడు. కోర్టు మాట పాటించినట్టే కాబట్టి ధిక్కారం కేసు నిలవదు. మళ్లీ మొదటికొచ్చి కొత్త పిటిషన్, కొత్త ఫీజు.

ఈ 'పరిశీలించండి' గురించి సుప్రీంకోర్టు 2006లో మన ఆర్టీసీ కేసులోనే (జి. శ్రీనివాసరెడ్డి) మాట్లాడింది. కోర్టు ఏదీ తేల్చకుండా ఆ మాట అంటే, అధికారి చేతులు ఏ రకంగానూ కట్టేసినట్టు కాదని స్పష్టం చేసింది. లొంగే అధికారులతో కుమ్మక్కై కొందరు పిటిషనర్లు దీన్ని వాడుకుంటున్నారని కూడా బాధపడింది. 2008లో సి. జాకబ్ కేసులో ఇదే చింత: 1982లో ఉద్యోగం పోయినతను 2000లో వినతిపత్రం పెట్టాడు. ఆ జవాబుతో పాత కేసుకు ప్రాణం రాదంది. రెండూ తర్కానికి నిలిచేవే. కానీ కోర్టు కళ్ల ముందున్నది కుమ్మక్కైన పిటిషనరే. నిజాయితీగా గడువులోపే అప్పీలు పెట్టుకున్నవాడూ, ససేమిరా లొంగని అధికారీ ఆ చిత్రంలో లేరు. మన అనుభవంలో ఎక్కువమంది వాళ్లే.

కమిషన్ ఉంది కదా అంటారు. 1996లో ఇండియన్ ఓవర్‌సీస్ బ్యాంకు కేసులో, ఎస్సీ, ఎస్టీ కమిషన్‌కు స్టే ఇచ్చే అధికారం లేదని సుప్రీంకోర్టు తేల్చేసింది.

ఆరు నెలలు దాటిన అప్పీలును మళ్లీ ఆ బల్ల మీదికే ఎందుకు పంపాలి? కాగితాలన్నీ కోర్టు ముందే ఉంటాయి. లోపాన్ని తనే తేల్చి, ఆ తేల్పుకు లోబడి పరిశీలించమనొచ్చు. అప్పటిదాకా శిక్ష ఆపొచ్చు. ఫైలు ఏ బల్ల మీద ఎన్నాళ్లుందో ప్రమాణపత్రం అడగొచ్చు, ఖర్చులు ఆ అధికారి జేబులోంచే కట్టించొచ్చు. వీటికి కొత్త చట్టం అక్కర్లేదు.

రాష్ట్ర ట్రిబ్యునల్ 2016లో తెలంగాణకు, ఆ తర్వాత ఆంధ్రప్రదేశ్‌కు రద్దయింది. రాష్ట్ర ఉద్యోగులకు ఇప్పుడు దారి హైకోర్టే, 226వ అధికరణే. కేంద్ర ఉద్యోగులకు ఆ ఆరు నెలల లెక్క అలాగే ఉంది. అందుకని యూనియన్లలో పనిచేసే మిత్రులు అప్పీలు ఇచ్చిన రోజే ఇన్‌వర్డు నంబరు, ముద్ర వేయించిన నకలు తీసుకుని, ఆరో నెల చివరి తేదీ దాని మీదే రాసి పెట్టుకోవాలి.